ఆమోదం రాని బంతి

మాది జిల్లా కుడితి తొట్ల నమోదు కార్యాలయం. పేరు వినగానే నవ్వేవాళ్ళుంటారు. నవ్వితే నాకేం బాధ లేదు. జిల్లాలో ఏ గేదె ఏ తొట్టిలో కుడితి తాగుతోందో, ఆ తొట్టి రాతిదా సిమెంటుదా, లోతెంత, పగులుందా లేదా, అన్నీ మా దగ్గర రాసి ఉంటాయి. ఎందుకు రాసి ఉండాలో మాత్రం ఎక్కడా రాసి లేదు. ఇరవై రెండేళ్ళుగా అక్కడ సీనియర్ అసిస్టెంటుగా ఉన్నాను కాబట్టి ఈ మాట ధైర్యంగా చెప్పగలను.

ఇంత బరువైన బాధ్యతల మధ్య మాకున్న ఒకే ఒక్క సుఖం క్రికెట్ కామెంటరీ. చూడటం కాదు, వినడం. చూడాలంటే కళ్ళు కావాలి, కళ్ళు ఫైళ్ళ మీద ఉండాలి. చేతులు కూడా సర్కారువే. చెవుల సంగతి మా నియామక పత్రాల్లో ఎక్కడా లేదు గనక వాటిని సొంతానికి వాడుకునేవాళ్ళం. టైపిస్టు జగ్గారావు ఫోనులో ఏ ఆటకైనా కామెంటరీ ఉచితంగా వచ్చేది. అతను ఒక చెవిలో తీగ పెట్టుకుని, రెండు చేతులతో టైపు చేస్తూ, ఖాళీగా ఉన్న మొహంతో మాకు వార్తలు అందించేవాడు. కనుబొమ్మ లేస్తే ఫోరు. స్టేప్లర్ టక్కుమంటే వికెట్టు. సిక్సరైతే కుర్చీలోంచి లేచి మళ్ళీ కూర్చునేవాడు. ఎవరికీ ఏ ఇబ్బందీ లేదు.

ఇబ్బంది ఒక గేదె వల్ల వచ్చింది.

ఓ రోజు ఒక రైతు వచ్చి, తన గేదె చచ్చిపోయిందనీ, దాని తొట్టి నమోదు రద్దు చేయాలనీ మా సూపరింటెండెంటు దమయంతి గారి ముందు కళ్ళనీళ్ళు పెట్టుకున్నాడు. సరిగ్గా అప్పుడే జగ్గారావు లేచి కూర్చున్నాడు. ఆఫీసంతా చప్పట్లు కొట్టింది. దమయంతి గారైతే పైకే "శభాష్" అన్నారు. ఆ రైతు ఒక్క క్షణం మా అందరి మొహాలూ చూసి, అర్జీ మడిచి జేబులో పెట్టుకుని, తిన్నగా పై అధికారుల దగ్గరికి వెళ్ళి ఫిర్యాదు ఇచ్చాడు.

మా జిల్లా అధికారి పరాంకుశరావు గారు. మరొకరైతే ఆ ఫిర్యాదు చూసి కామెంటరీ ఆపేయమనేవారు. ఆయన అలాంటి మనిషి కాదు. ఏ పనినైనా ఆపేస్తే అది ఆగిపోతుందనీ, అదే క్రమబద్ధం చేస్తే కలకాలం నడుస్తుందనీ ఆయన నమ్మకం. పైగా ఉద్యోగుల మానసిక ఉల్లాసాన్ని పెంపొందించమని పైనుంచి వచ్చిన ఉత్తర్వు ఒకటి ఆయన బీరువాలో ఏడాదిగా ఉంది. ఉల్లాసానికి ఏం చేశారో నివేదించమని మూడుసార్లు అడిగారు కూడా. ఆయన ఆ రెండు కాగితాలూ ఒకే ఫైలులో పెట్టి, ఒక పూట ఆలోచించి, సర్క్యులర్ జారీ చేశారు.

"కార్యాలయ వేళల యందు క్రీడా వ్యాఖ్యానమును ఉచితముగా ఆలకించుట గురించి" అని దాని విషయము. అందులో ఉన్నది మీకు నా మాటల్లో చెబుతాను, ఆయన మాటల్లో చెబితే మీకు సెలవు పెట్టాల్సి వస్తుంది. ఇకమీదట కామెంటరీని ఆఫీసు తరఫున జగ్గారావు ఒక్కడే వింటాడు. అతని హోదా అధీకృత శ్రోత. విన్న ప్రతి బంతికీ ఒక నోటు రాస్తాడు. ఆ నోటు నా దగ్గరికి వస్తుంది, వెనకటి బంతితో సరిపోయిందో లేదో నేను చూడాలి. అక్కణ్ణుంచి దమయంతి గారి దగ్గరికి, ఆవిడ సిఫార్సుతో అధికారి గారి దగ్గరికి. ఆయన ఆమోదించాక నోటీసు బోర్డుకి ఎక్కుతుంది. అప్పుడు మాత్రమే సిబ్బందికి ఆనందించే హక్కు పుడుతుంది. ఫోరుకి నాలుగు చప్పట్లు, సిక్సరుకి ఆరు, మించరాదు. చివర్న ఒక్క వాక్యం మాత్రం ఆయనదే చదువుతాను, ఎందుకంటే అది మా ఆఫీసు గోడ మీద ఇప్పటికీ ఉంది: "ఆమోదము పొందిన క్షణము నుండియే సదరు బంతి ప్రత్యక్ష ప్రసారముగా పరిగణింపబడును. ఇతర మార్గముల ద్వారా ఫలితము తెలిసికొనుట అనధికార శ్రవణముగా భావింపబడి శాఖాపరమైన చర్యకు దారితీయును."

మొదటి ప్రయోగం ఒక బుధవారం జరిగింది. బయట లోకంలో ఆ ఆట నాలుగు గంటల్లో అయిపోయింది. మా ఆఫీసులో తొమ్మిది పని దినాలు పట్టింది.

ఊరికే పట్టలేదు. వైడ్ పడిందని నోటు పెడితే ఎన్ని అంగుళాలు వైడో కొలత లేదని తిరిగొచ్చింది. కాలు అడ్డం పెట్టి ఔటయిన బ్యాటరు నుంచి సంజాయిషీ ఎందుకు తీసుకోలేదని ఒక ప్రశ్న. రనౌట్ అయిన వాడు పరుగెత్తే ముందు ఎవరి అనుమతి తీసుకున్నాడని మరో ప్రశ్న. వాన వల్ల ఆట ఆగిందని జగ్గారావు రాస్తే, పరాంకుశరావు గారు కిటికీలోంచి బయటి ఎండ చూసి "వాస్తవ విరుద్ధము" అని రాసి వెనక్కి పంపారు. వాన సంగతి తేలేసరికి శుక్రవారమైంది. ఊరంతా ఓడిపోయామని తిట్టుకుని, మర్చిపోయి, మామిడికాయల బేరంలో పడిపోయాక కూడా మా ఆఫీసులో ఇంకా ఆశ ఉండేది. నిజం చెప్పొద్దూ, నాకది కొంచెం బాగానే అనిపించింది.

"చూశారా పట్నాయక్ గారూ," అన్నారు పరాంకుశరావు గారు నాతో, ఆఖరి బంతి మీద సంతకం పెడుతూ. "నాలుగు గంటల వినోదాన్ని తొమ్మిది పని దినాలు నిర్వహించాం. ఒక్క అరుపు లేదు, ఒక్క ఫిర్యాదు లేదు. దీన్నంటారు పరిపాలన."

ఇన్ని నోట్లూ ఒక టేబుల్ నుంచి ఇంకో టేబుల్‌కి నడిచి వెళ్ళవు కదా. మోసేది నూకరత్నం. మా అటెండరు. కాంట్రాక్టు మనిషి, ఏటా మార్చిలో రెన్యువల్ అవుతుంది, కాకపోతే ఇంటికి వెళ్ళాలి. అందుకని ఫిబ్రవరి వచ్చేసరికి ఆమె అడుగు చప్పుడు కూడా వినయంగా ఉంటుంది. భర్త లేడు. ఒక్కతే కూతురు, ఢిల్లీశ్వరి, ఇరవై ఏళ్ళది. ఆ పిల్ల జిల్లా ఆడపిల్లల క్రికెట్ జట్టులో బ్యాటింగ్ చేస్తుందని మాకు తెలుసు. రాష్ట్రస్థాయిలో ఫైనల్‌కి వచ్చారన్న సంగతి మాత్రం ఆ ఫిబ్రవరిలో ఒక సోమవారం నూకరత్నం చెబితేనే తెలిసింది.

"అనంతపురంలో ఆట బాబూ, రేప్పొద్దున్న," అంది నా టేబుల్ దగ్గర నిలబడి. "టీవీలో రాదంట. ఫోన్లో వినొచ్చంట, ఊరికినే. ఎవరో ఇద్దరు పాత డ్రిల్లు మాస్టార్లు సెప్తారంట. మా గుంట ఆట నేనెప్పుడూ సూడనేదు. ఇన్నా సూసినట్టేకదా. ఒక్క పూట సెలవిప్పించండి."

తీసుకెళ్ళి అధికారి గారి ముందు నిలబెట్టాను. ఆయన ఎంతో ఆనందించారు. తన ఆఫీసు మనిషి కూతురు ఫైనల్ ఆడుతోందంటే ఆ ఆటను ఆఫీసు పూర్తి లాంఛనాలతో వినాల్సిందే అన్నారు. వెంటనే ఉత్తర్వులు చెప్పి రాయించారు. అవతలి జిల్లా బ్యాటింగ్ మన పరిధిలోకి రాదు కాబట్టి మన జిల్లా బ్యాటింగ్‌కి మాత్రమే నోట్లు పెట్టాలి. అంతవరకూ బాగుంది.

"మరి నా సెలవు బాబూ?"

"నువ్వు సెలవు పెడితే నోట్లు ఎవరు మోస్తారు?" అన్నారాయన, ఎంతో మృదువుగా.

"పోనీ, మోత్తూ ఇంటాను."

ఆయన కళ్ళజోడు తీసి తుడుచుకున్నారు. అది మంచి సూచన కాదు. "సదరు క్రీడాకారిణికి నీవు రక్త సంబంధీకురాలవు. రక్త సంబంధీకుల ప్రయోజనాలు ఇమిడి ఉన్న ఫైలును వారు చూడరాదు. నోట్లన్నీ కవర్లో పెట్టి, లక్క సీలు వేసి నీకిస్తారు. నీవు తెరవరాదు. ఆమోదం అన్ని స్థాయిలూ దాటాక, ఆఖరి గ్రేడు సిబ్బందికి, అంటే నీకు, చివరగా తెలియజేస్తారు. ఈలోపు బయట ఎక్కడైనా తెలుసుకున్నావో, మార్చి ఎంతో దూరంలో లేదు."

నూకరత్నం అక్కడే ఫోన్ తీసి, మీట నొక్కి ఆపేసి, కొంగున ముడేసుకుంది. దమయంతి గారు లక్క కోసం ఇండెంటు రాసుకున్నారు.

మంగళవారం ఆట. జగ్గారావు మొహం చూసి సంగతి పసిగట్టేస్తున్నారని అతన్ని గోడవైపు తిప్పి కూర్చోబెట్టారు. వెనకనుంచి చూస్తే ఫోరుకి అతని చెవులు ఎర్రబడుతున్నాయని దమయంతి గారు కనిపెట్టారు. అప్పుడు కుర్చీ చుట్టూ తెర కట్టారు. తెర వెనకనుంచి చెయ్యి ఒక్కటి బయటికొచ్చేది, చేతిలో నోటు ఉండేది. నేను చదివి, కవర్లో పెట్టి, లక్క కరిగించి సీలు వేసి నూకరత్నానికి ఇచ్చేవాణ్ణి. సొంత కూతురు కొట్టిన పరుగులు ఆ తల్లి గుండెలకి ఆనించుకుని ఒక గది నుంచి ఇంకో గదికి మోసుకెళ్ళేది, లోపలేముందో తెలియకుండా.

మొదటి రోజు ఆమె ఏమీ అడగలేదు. బుధవారం మధ్యాహ్నానికి ఆమెకో విద్య పట్టుబడింది.

"బాబూ, ఇది పల్చగుంది," అంది ఒక కవరు అరచేతిలో ఎగరేసి చూస్తూ. "పరుగు రానేదు. కదేటి?"

నేను పైకప్పు వైపు చూశాను. అది నిజమే. పరుగు రాని బంతికి ఒకటే కాగితం. సింగిలుకి నా రిమార్కుతో కలిపి రెండు. ఫోరైతే చప్పట్ల ప్రతిపాదన కూడా జతచేయాలి కాబట్టి నాలుగు. ఇరవై రెండేళ్ళ ఆఫీసు రహస్యాలు ఆమె రెండు రోజుల్లో బరువు చూసి చదివేసింది. సాయంత్రానికి కవరు అందుకుంటూనే నవ్వడమో, నిట్టూర్చడమో చేసేది. పన్నెండో ఓవర్లో ఢిల్లీశ్వరి బ్యాటింగ్‌కి దిగిందని కూడా ఆమెకి తెలిసిపోయింది, ఎందుకంటే పేరు, తండ్రి పేరు, చిరునామా అని ఆ కవర్లో అదనంగా మూడు కాగితాలు పెట్టాల్సి వచ్చింది.

ఆఫీసు దాటితే మాత్రం ఆమె కష్టాలు చూడలేకపోయాం. టీ కొట్టు వైపు వెళ్తే ఎవరైనా చెప్పేస్తారని రైలు పట్టాల వెనకనుంచి ఇంటికి వెళ్ళేది. చెవుల్లో దూది. పక్కింటివాళ్ళు తలుపు కొడితే లోపల్నుంచే "రేపు రండి, నాకింకా ఆర్డరు రానేదు" అని అరిచిందట. తలుపు ఎందుకు తియ్యలేదని అడిగాను. "తీత్తే ఆళ్ళ మొహం సూసి తెలిసిపోద్ది కదా బాబూ," అంది. జగ్గారావు పరిస్థితి ఇంకా ఘోరం. ఆట మొత్తం విన్నవాడు లోకంలో మా తరఫున అతనొక్కడే. బయటపెడితే సస్పెన్షన్. నోరు తెరిస్తే ఎక్కడ జారిపోతుందోనని మంగళవారం నుంచి ఇంట్లో కూడా మాట్లాడటం మానేశాడు. వాళ్ళావిడ భయపడి తాయెత్తు కట్టించింది.

గురువారం మధ్యాహ్నం పద్దెనిమిదో ఓవరు మూడో బంతి వచ్చింది.

గెలవడానికి పదిహేను... కాదు, ఖచ్చితంగా చెప్పాలి, ఆ బంతికి ముందు పదహారు బంతుల్లో ఇరవై ఆరు పరుగులు కావాలి. ఢిల్లీశ్వరి ముప్ఫై ఒకటి మీద ఉంది. జగ్గారావు నోటు ఇలా ఉంది: "బ్యాటరు బంతిని గాలిలోకి బలంగా కొట్టారు. తాడు దగ్గర ఫీల్డరు పట్టారు. పాదం తాడుకి తగిలిందని కొందరు, తగల్లేదని కొందరు. అంపైర్లు చూడటానికి నడిచి వెళ్తున్నారు." నేను చదివి, సీలు వంకరగా వేసి పంపాను.

గంటన్నర తర్వాత ఆ కవరు అధికారి గారి గదిలోంచి తిరిగొచ్చింది. నూకరత్నం దాన్ని రెండు చేతులతో పట్టుకుని నా టేబుల్ దగ్గరికి వచ్చింది. పెట్టలేదు. అలాగే నిలబడింది.

"ఇంత బరువెప్పుడూ నేదు బాబూ," అంది. "బంతి తగిలినాదా? తలమీదేటైనా తగిలినాదా? ఒక్క మాట సెప్పండి. బతికుందా, అంతే సెప్పండి."

కవరు విప్పాను. పరాంకుశరావు గారు పదకొండు పేజీలు రాశారు. సదరు పాదము హద్దుకు లోపలనున్నదా వెలుపలనున్నదా నిర్ధారించకుండా ఫైలు ముందుకు కదలదు. హద్దు వివరము, స్కెచ్, ఇరుగుపొరుగు ఫీల్డర్ల వాంగ్మూలములు జతపరచవలెను. అనంతపురం వారికి స్థల తనిఖీ కోరుతూ లేఖ వ్రాయడమైనది. జవాబు వచ్చేవరకు సదరు బంతి, దాని తరువాతి బంతులన్నియు పెండింగులో ఉంచడమైనది.

"దెబ్బ కాదు నూకరత్నం," అందామని నోటిదాకా వచ్చింది. నాకింకా ఆరేళ్ళ సర్వీసు మిగిలి ఉంది. సంతకాల పుస్తకంలోకి తల దూర్చాను. నా నౌకరీలో సిగ్గుపడ్డ సందర్భాలు తక్కువ, ఎందుకంటే సిగ్గుపడితే నౌకరీ చేయలేం. ఆ రోజు మాత్రం పడ్డాను. ఆమె కొంగుతో మొహం తుడుచుకుని, ఖాళీ తపాలా సంచి తీసుకుని వెళ్ళిపోయింది.

శుక్రవారం పొద్దున్న పదిన్నరకి ఓ పొడుగాటి పిల్ల భుజాన కిట్ బ్యాగుతో పరుగెత్తుకుంటూ ఆఫీసులోకి వచ్చింది. జుట్టు చెదిరి ఉంది, కళ్ళు ఎర్రగా ఉన్నాయి.

"మా అమ్మేదీ?" అంది. "మూడు దినాలై ఫోన్ నేదు. మా అమ్మకేటైనాది?"

నూకరత్నం అధికారి గారి గదిలోంచి బయటికొస్తూ చూసింది. చేతిలోని పెండింగు కవర్లన్నీ కింద పడేసింది. వెళ్ళి కూతురి తల తడిమింది, నుదురు తడిమింది, రెండు చేతులూ ముందుకు లాగి వేళ్ళు లెక్కపెట్టింది.

"నీకేటీ అవనేదుకదే?"

"నాకేటవుద్దమ్మా? నువ్వు ఫోనెందుకు కట్టేసినావు? రైల్లో నా పేణాలు పోయినాయి." అని, ఇంతలోనే మొహం విప్పారి, "అమ్మా, ఆట—"

"ఆగండి!"

పరాంకుశరావు గారు గుమ్మంలో నిలబడి ఉన్నారు. చేతిలో ఫైలు. "మీ పేరు?"

"ఢిల్లీశ్వరి సార్."

ఆయన ఫైలు తెరిచి, ఆ పిల్లని పైనుంచి కిందిదాకా చూసి, మళ్ళీ ఫైలు చూశారు. "రికార్డు ప్రకారం సదరు ఢిల్లీశ్వరి ప్రస్తుతం క్రీజులో ఉన్నారు. పద్దెనిమిదో ఓవరు మూడో బంతి విచారణలో ఉంది. మీరు ఇక్కడికెలా వచ్చారు?"

"ప్రశాంతి ఎక్స్‌ప్రెస్‌లో సార్."

"విధి నిర్వహణలో ఉండగా మైదానం వదలడానికి ఎవరు అనుమతించారు?"

బ్యాటరు మధ్యలో వెళ్ళిపోతే దాన్ని రిటైర్ అవడం అంటారని దమయంతి గారు మెల్లగా గుర్తు చేశారు. "ఇరవై ఏళ్ళకా?" అన్నారాయన. "సర్వీసు రిజిస్టరు ఉందా?" ఆయన గొంతు కాస్త తగ్గించారు. ఆయనలో కాఠిన్యం లేదు, అది ఒప్పుకోవాలి. "చూడమ్మా, ముందు మీరు క్రీజులోకి వెళ్ళండి. మీరు ఔటో కాదో కాగితం మీద తేలనివ్వండి. ఔటయితే వెంటనే ఇంటికి రావచ్చు. మీ అమ్మగారికి కూడా అధికారికంగా తెలియజేస్తాం."

ఢిల్లీశ్వరి తల్లి వైపు చూసింది. ఈ ఆఫీసులో తల్లి పన్నెండేళ్ళుగా పనిచేస్తోందన్న సంగతి అప్పుడే కొత్తగా తెలిసినట్టుంది ఆ పిల్లకి.

నూకరత్నం భుజం మీది తపాలా సంచి తీసి నా టేబుల్ మీద పెట్టింది.

"బాబూ, నేను వసారాలో మెట్ల మీద కూకుంటాను," అంది. "మా గుంట సెప్తాది, నేనింటాను."

"అది అనధికార శ్రవణం!" అన్నారు పరాంకుశరావు గారు. "నీ రెన్యువల్ ఫైలు నా టేబుల్ మీద ఉంది. మర్చిపోకు."

"ఉండనీండి. ఫైలు మీ టేబుల్ మీదుంది, నా గుంట గుమ్మంలో ఉంది."

ఆమె కూతురి చెయ్యి పట్టుకుని బయటికి నడిచింది. తర్వాత కుర్చీ ఒకటి కిర్రుమంది. బయట మెట్ల దగ్గర తొట్టి ఒకటి తనిఖీ చేయాల్సి ఉందని గొణుగుతూ దమయంతి గారు వెళ్ళిపోయారు. బయట మెట్ల దగ్గర తొట్టి లేదు. తెర కదిలింది. జగ్గారావు మెడలో తాయెత్తుతో బయటికొచ్చి, ఎవరి వైపూ చూడకుండా, దాదాపు పరుగులాంటి నడకతో వెళ్ళిపోయాడు.

నేను కూడా లేచాను. "పట్నాయక్ గారూ, మీరు ఉండండి," అన్నారాయన. గదిలోకి తీసుకెళ్ళి తలుపేశారు. కిటికీ మాత్రం వెయ్యలేదు. బయట్నుంచి ఢిల్లీశ్వరి గొంతు వినపడుతోంది గానీ మాటలు తెలియడం లేదు. ఆయన ఒక చెవి అటు వెళ్తుంటే బలవంతాన ఇటు లాక్కుంటున్నారు.

"ఆ అమ్మాయి చెప్పేది వినే అర్హత నాకు ఉందేమో, సర్క్యులర్ చూసి చెప్పండి."

చూశాను. వినే అధికారం అధీకృత శ్రోత ఒక్కడికే ఉంది. అధికారి గారికి ఆమోదించే అధికారం ఉంది, తిరస్కరించే అధికారం ఉంది, వినే అధికారం లేదు. అదే చెప్పాను. మినహాయింపు కోరుతూ దరఖాస్తు పెట్టుకోవచ్చని మాత్రం ఒక క్లాజు ఉంది.

ఆయన వెంటనే తెల్ల కాగితం తీసి దరఖాస్తు రాశారు. "గౌరవనీయులైన జిల్లా అధికారి వారి దివ్య సముఖమునకు" అని మొదలుపెట్టి, తన పేరే రాసి సంతకం చేశారు. లేచి, టేబుల్ చుట్టూ తిరిగి వచ్చి, ఎదుటి కుర్చీ పక్కన కొంచెం వంగి నిలబడి, కాగితాన్ని టేబుల్ మీద పెట్టారు. మళ్ళీ చుట్టూ తిరిగి వెళ్ళి తన కుర్చీలో కూర్చుని, కళ్ళజోడు సర్దుకుని, ఆ దరఖాస్తుని రెండుసార్లు చదివారు.

ఆయన చదువుతుండగా నా కళ్ళు ఆ టేబుల్ మీద తిరిగాయి. నోట్ల గుట్ట కింద నూకరత్నం రెన్యువల్ ఫైలు అంచు కనపడింది. మెల్లగా లాగి చూశాను. మరో ఏడాదికి పొడిగించడమైనది అని సంతకం పెట్టి ఉంది. పద్దెనిమిది రోజుల కిందటి తేదీ. ఆమోదించారు, మర్చిపోయారు. అక్కణ్ణుంచి నా టేబుల్‌కి తేవలసిన మనిషి ఏదో ఒక ఆట బంతులు మోస్తూ ఉండిపోయింది, అంతే. నాకు నవ్వూ వచ్చింది, ఆ పాత గదికి నిప్పు పెట్టాలనీ అనిపించింది. ఫైలు చంకలో పెట్టుకున్నాను.

పరాంకుశరావు గారు కలం తీసి దరఖాస్తు మీద ఏదో రాశారు. తిప్పి నాకు చూపించారు. "తగిన కారణములు చూపనందున తిరస్కరించడమైనది." ఆయన మొహం వాడిపోయి ఉంది. నిజంగా బాధపడుతున్న మనిషిని చూస్తే ఎవరికైనా జాలేస్తుంది. నాకూ వేసింది. అయినా ఆయన్ని అక్కడే వదిలేసి వసారాలోకి పరుగెత్తాను.

మెట్ల మీద ఆఫీసంతా ఉంది. టీ కొట్టువాడు గ్లాసుల బుట్టతో సహా వచ్చేశాడు. ఢిల్లీశ్వరి నిలబడి చెబుతోంది, గొడుగు ఒకటి బ్యాటులా పట్టుకుని. నూకరత్నం అందరికంటే కింది మెట్టు మీద, మొహం పైకెత్తి కూర్చుంది. రెన్యువల్ ఫైలు ఆమె చేతిలో పెట్టాను. దాని వైపు చూడనుకూడా చూడకుండా, మెట్టు చల్లగా ఉందేమో, కింద పరుచుకుని దాని మీద కూర్చుంది.

"అప్పుడేమో, అంపైర్లిద్దరూ నడిసెళ్ళారమ్మా. నాలుగు నిమిషాలు తాడు కాడ మాటలాడుకున్నారు."

"ఆ నాలుగు నిమిషాలూ డ్రిల్లు మాస్టారు పొద్దున్న తిన్న ఉగ్గాణి గురించి చెప్పారు," అన్నాడు జగ్గారావు. మూడు రోజుల తర్వాత అతని నోట్లోంచి వచ్చిన మొదటి మాట అదే. ఆనందంతో ఏడ్చేశాడు.

"ఏటన్నారే మరి?" అంది నూకరత్నం.

"మడమ తాడు మీదుందమ్మా. సిక్సు!"

ఆ తర్వాత ఎన్ని చప్పట్లు కొట్టామో లెక్క తెలియదు. పంతొమ్మిదో ఓవరులో రెండు ఫోర్లు. ఆఖరి ఓవర్లో వికెట్టు ఒకటి పడింది, దమయంతి గారు నా భుజం గిల్లేశారు. ఆఖరి బంతికి రెండు పరుగులు కావాలి. ఢిల్లీశ్వరి గొడుగు తిప్పి కొట్టింది, వసారాలో ఈ చివర్నుంచి ఆ చివరికి ఒకసారి పరుగెత్తింది, తిరిగి పరుగెత్తింది, విసిరిన బంతిని కీపరు జారవిడిచిందని చెబుతూ చెబుతూ వచ్చి తల్లి ఒళ్ళో పడింది. మేం పెట్టిన కేకలకి రోడ్డు మీద ఆటోలు ఆగాయి.

ఆ కేకల్లో తలుపు చప్పుడు వినపడలేదు. తిరిగి చూస్తే పరాంకుశరావు గారు మా వెనక నిలబడి ఉన్నారు, తిరస్కరించిన దరఖాస్తు చేతిలో పట్టుకుని.

"ఆ పాదం," అన్నారాయన. "లోపలా, బయటా?"

నూకరత్నం కూతురిని కాస్త పక్కకి జరిపి, తనూ జరిగి, మెట్టు మీద చోటు చేసింది.

"కూకోండి బాబూ. మా గుంట మళ్ళీ మొదట్నించీ సెప్తాది," అంది. "మీరు నోటు మాత్రం రాయకండి."

ఆయన ఒక్క క్షణం తటపటాయించి, ప్యాంటు మోకాళ్ళ దగ్గర కాస్త పైకి లాక్కుని, కూర్చున్నారు. ఢిల్లీశ్వరి గొడుగు అందుకుని లేచింది. మొదటి బంతికి పరుగు రాలేదంది. రెండో బంతి వైడ్ అంది. ఎంత వైడో చెప్పలేదు. పరాంకుశరావు గారి చెయ్యి మెల్లగా జేబులోని కలం మీదికి వెళ్ళింది.

నూకరత్నం ఆయన వైపు ఊరికే చూసింది. చెయ్యి వెనక్కి వచ్చేసింది.